కరుణాకరం చిల్లర పలక

మా పలకల కంపెనీలో ఇప్పుడు చిల్లర ఖర్చులన్నీ ఫోన్లోనే. టీ బంకులో, లారీ కాటా దగ్గర, పంక్చర్లు వేసే చోట, ఎక్కడ చూసినా గోడకి ఒక గళ్ళ బొమ్మ అంటించి ఉంటుంది. దానికి ఫోను చూపిస్తే డబ్బు పోతుంది. ఎవరికి పోయిందో, ఎన్ని గంటలకు పోయిందో నా కంప్యూటర్లో పడిపోతుంది. ఒకరిని అడగక్కర్లేదు, ఒకరికి చెప్పక్కర్లేదు. పనికి హాయిగానే ఉంది, కాదనను. కానీ సాయంత్రం ఐదు కొట్టేసరికి "ఎవురన్నా రాయడం మర్చిపోయినారా?" అన్న పిలుపు కోసం నా చెవులు ఇప్పటికీ ఎదురు చూస్తాయి. ఆ పిలుపు కరుణాకరం చిన్నాయనది.

ఆయన నాకు చుట్టమేమీ కాదు. మార్కాపురంలో మా కంపెనీ వాళ్ళంతా ఆయన్ని చిన్నాయన అనేవాళ్ళు, 2006లో నేను కంప్యూటర్ ఆపరేటరుగా చేరి అదే పిలుపు నేర్చుకున్నాను. మనిషి సన్నగా, పొడుగ్గా ఉండేవాడు. చొక్కా జేబులో ఎప్పుడూ రెండు బలపాలు. చెవి మీద పెన్ను పెట్టుకునే గుమాస్తాలను చూశాను గానీ, బలపాలతో కంపెనీ నడిపిన మనిషిని ఆయన్నొక్కడినే చూశాను.

పుట్టింది హనుమంతునిపాడు అవతల ఒక మెట్ట పల్లెలో. వాళ్ళ నాయన గొర్రెలు కాసేవాడు. సాయంత్రం మంద దొడ్లోకి వచ్చేటప్పుడు ఆయన లెక్కపెట్టేవాడు కాదట. గడప దగ్గర నిలబడి ఒక్కొక్కదాని మొహం చూసేవాడట. "మొహం చూస్తే ఏది రాలేదో తెలుస్తాది. లెక్కపెడితే ఒకటి తక్కువని తెలుస్తాది గానీ, ఏదో తెలవదు కదా" అని చిన్నాయన మాకు చెప్పేవాడు. డబ్బు విషయంలో కూడా ఆయనది అదే పద్ధతి. ఎంత పోయిందని గుర్తుపెట్టుకునేవాడు కాదు, ఎవరి చేతిలో పెట్టాడో గుర్తుపెట్టుకునేవాడు.

మా యజమాని కొండలరావు గారు పిల్లికి బిచ్చం పెట్టని మనిషి. చిల్లర ఖర్చుల కోసం ముగ్గురు గుమాస్తాలను మార్చాడు. ముగ్గురి పుస్తకాలూ ముత్యాల్లాంటి రాతతో ఉండేవి, పెట్టెలు మాత్రం ఖాళీగా ఉండేవి. ఆఖరికి పలకలకు చెక్క చట్రాలు బిగించే కరుణాకరాన్ని తెచ్చి కూర్చోబెట్టాడు. నాకు పుస్తకాలు రాయడం రాదు సామీ అని ఆయన అంటే, నీకు వచ్చినట్టే రాయి అన్నాడట. ఎదురుగా పేర్చి ఉన్నవన్నీ పలకలే కాబట్టి ఆయన ఒక పలక తీసుకున్నాడు. కాగితం ఖర్చు కూడా లేకపోవడంతో కొండలరావు గారికి అది మరీ నచ్చింది.

పొద్దున్నే యజమాని ఐదు వేలు ఇచ్చేవాడు. అది ఒక చెక్క పెట్టెలో. పక్కనే మేకుకు పలక. ఎవరు డబ్బు తీసుకున్నా వాళ్ళ చేత్తో వాళ్ళే పలక మీద రాయాలి, అదీ నియమం. రాయడం రానివాళ్ళు గుర్తు గీయాలి. సరుకు తుడిచి పెట్టెల్లో సర్దే మస్తానమ్మ గాజు గీసేది. మూడు చక్రాల ట్రాలీ నడిపే పుల్లయ్య చక్రం గీసేవాడు. చూడబోతే రెండూ గుండ్రాలే, నాకు ఏనాడూ తేడా తెలిసేది కాదు. ఆయనకు తెలిసేది. డబ్బు ఇచ్చే ముందు మనిషి మొహంలోకి చూసి, "దేనికి?" అని ఒక్క మాట అడిగేవాడు. కొండలరావు గారు నశ్యానికి పది రూపాయలు తీసుకున్నా ఆ ప్రశ్న తప్పేది కాదు, రాత తప్పేది కాదు. ఐదింటికి పలక మీద మొత్తమూ పెట్టెలో మిగిలిందీ కలిపితే ఐదు వేలు. అది చూసి యజమాని తన పుస్తకంలో ఎక్కించుకున్నాక, తడిగుడ్డతో పలక తుడిచేవాడు.

ఇంకో సంగతి. ఎవరికైనా ఇంట్లో అవసరం పడితే, జీతాల రోజు దాకా వందో రెండొందలో, మహా అయితే మూడొందలో ఇచ్చేవాడు. అదీ పలక మీదే. యజమానికి తెలుసు, కానీ ఆ గీత దగ్గరికి వచ్చేసరికి ఆయన కళ్ళజోడు తుడుచుకునేవాడు. చెడ్డవాడేం కాదు, పైకి ఒప్పుకోవడం ఇష్టం లేని మంచివాడు.

ఈ పద్ధతి వల్ల ఆయన పేరు కంపెనీ దాటి ఊళ్ళోకి పాకింది. మా వైపు పెళ్ళిళ్ళలో చిల్లర సంచి అని ఒకటి ఉంటుంది. బాజావాళ్ళకు, వంటవాళ్ళ సహాయకులకు, పూలకు, ఐసు గడ్డలకు అప్పటికప్పుడు ఇవ్వాల్సిన డబ్బంతా ఒక గుడ్డ సంచిలో పోసి నమ్మకమైన ఒక్కరి భుజానికి తగిలిస్తారు. పెళ్ళికొడుకు తండ్రి అయినా సరే ఆ మనిషిని అడిగే తీసుకోవాలి. కరుణాకరం ఒప్పుకున్నాకే ముహూర్తం పెట్టుకున్న ఇళ్ళు నాకు తెలుసు. వియ్యంకులు అన్నిటికీ కొట్లాడుకునేవాళ్ళు, ఆ సంచి లెక్క దగ్గర మాత్రం నోరెత్తేవాళ్ళు కాదు. మనిషికి ఆస్తి లేదు, పొలం లేదు, ఉన్నదల్లా ఆ జ్ఞాపకశక్తి ఒక్కటే. దాని మీదే తలెత్తుకు తిరిగేవాడు.

2013లో కొండలరావు గారి అబ్బాయి పవన్ చదువు ముగించుకుని వచ్చి సీట్లో కూర్చున్నాడు. మంచి చురుకైన కుర్రాడు. ఆ చురుకుకు ముందు దొరికింది ఈ పలకే. "ఏంది ఇది, పలక మీద లెక్కలా? బయటివాళ్ళు చూస్తే నవ్విపోతారు" అన్నాడు. కంపెనీ చేసేదే పలకలు, ఇందులో నవ్వేదేముందో నాకు అర్థం కాలేదు. అయినా జీతం ఇచ్చేవాడి మాట. వెంటనే ఒక కొత్త రూలు పెట్టాడు. చిల్లర పెట్టెలోంచి సొంతానికి పైసా తీసినా, ఇచ్చినవాళ్ళూ తీసుకున్నవాళ్ళూ ఇద్దరూ ఇంటికే. ఎప్పుడైనా హఠాత్తుగా లెక్క చూస్తానని కూడా చెప్పాడు.

ఆ రూలు వచ్చిన పది రోజులకు, ఆగస్టులో ఒక శనివారం, కంటైనర్ లోడింగు పడింది. బడి పలకలు కొనేవాళ్ళు తగ్గిపోయాక మా కంపెనీ విదేశాల హోటళ్ళకు పలకలు చేయడం మొదలుపెట్టింది. భోజనాల పేర్లూ ధరలూ రాసి బల్ల మీద నిలబెట్టుకుంటారట. అలాంటివి నాలుగు వేలు ఆ రోజు పోవాలి. దాదాపు అందరూ షెడ్డులోనే ఉన్నారని చిన్నాయన పెట్టెనూ పలకనూ అక్కడికే తెచ్చి, మస్తానమ్మ సర్దే బల్ల చివర పెట్టుకున్నాడు.

పదకొండు గంటలకు మా ఇంటి పక్కావిడ ఫోన్ చేసింది. గ్యాస్ బండ వచ్చింది, డబ్బు చేతిలో పడితే గాని దించనంటున్నాడు అని. నా పర్సులో నూట యాభై ఉంది. ఇంకో మూడొందలు కావాలి. మా ఆయన నరేష్ ట్రాక్టరు కూలి సాయంత్రం తెస్తాడు, ఐదింటి లోపల పెట్టెలో పెట్టేస్తే ఎవరికి తెలుస్తుందిలే అనుకున్నాను. షెడ్డులోకి వెళ్ళాను. చిన్నాయన లారీ డ్రైవరుతో వాదనలో ఉన్నాడు. "చిన్నాయనా, మూడొందలు" అన్నాను. ఆయన డ్రైవరు వైపే చూస్తూ మూడు వందనోట్లు తీసి నా చేతిలో పెట్టాడు. దేనికని అడగలేదు. నేను పలక అడుగున మూలగా నా పేరూ మూడొందలూ రాసి, పరుగున ఇంటికి పోయి వచ్చాను.

నేను తిరిగొచ్చేసరికి పలక లేదు. మస్తానమ్మ చేతికి ఏ పలక తగిలినా తడిగుడ్డతో తుడిచి, వేలితో తట్టి, ఖంగుమంటే పగులు లేదని పెట్టెలో పెట్టేస్తుంది. ఇరవై ఏళ్ళుగా రోజుకు కొన్ని వందల సార్లు అదే పని. బల్ల చివర ఉన్న పలకను కూడా అలాగే తుడిచి, తట్టి, సర్దేసింది. బాగానే ఖంగుమని ఉంటుంది. విషయం తెలిసేసరికి కంటైనరుకు సీలు పడి, లారీ మద్రాసు ఓడరేవు దారి పట్టింది. మా కంపెనీ లెక్కల మీద ఏ దేశంవాళ్ళు పులుసు ధర రాసుకుంటున్నారో ఏమో.

నాలుగింటికి పవన్ వచ్చి లెక్క చూపించమన్నాడు. ఎవరో ఉప్పందించి ఉంటారు. పెట్టెలో పదకొండు వందల నలభై ఉంది. అంటే మూడువేల ఎనిమిది వందల అరవైకి లెక్క కావాలి. షెడ్డంతా పని ఆపి చూస్తోంది. చిన్నాయన బెదరలేదు. కళ్ళు మూసుకుని మొదలుపెట్టాడు. నీళ్ళ ట్యాంకరు, కాటా రుసుము, లారీకి కట్టిన నిమ్మకాయలూ కొబ్బరికాయా, మెకానిక్ స్టీఫెన్‌కు మిషను బెల్టు, వేలు తెగిన మనిషికి కట్టు, ఎనిమిది మంది హమాలీలకు టిఫిన్లు. మొత్తం పదిహేడు ఖర్చులు, ఎవరి చేతికి ఏ టైములో ఇచ్చాడో కూడా. నేను కాగితం మీద వేస్తూ పోయాను. మూడువేల ఐదు వందల అరవై తేలింది.

"ఇంకా మూడొందలు" అన్నాడు పవన్.

చిన్నాయన మళ్ళీ కళ్ళు మూసుకున్నాడు. తెరిచాడు. ఆయన నుదుటి మీద చెమట అప్పుడు చూశాను. అందరి వైపూ ఒకసారి చూసి, నా దగ్గర ఆగాడు. "నీకేమన్నా గుర్తుందా, జ్యోతమ్మా?" అన్నాడు.

గుమ్మడికాయల దొంగ అంటే భుజాలు తడుముకున్నట్టు, నా చెయ్యి పర్సు మీదికి పోయింది. కానీ ఆయన కళ్ళలో నాకు వేరే అర్థం కనిపించింది. ఈయన ఏదీ మర్చిపోడు. నా పేరు చెబితే నా ఉద్యోగం పోతుందని దాస్తున్నాడు, నన్ను నోరు మూసుకోమంటున్నాడు. అలా అనుకున్నాను. లేదని తల ఊపాను.

అప్పుడు మస్తానమ్మ ముందుకొచ్చింది. పలక తుడిచిందన్న బాధ ఒకటి ఉంది కదా. "ఆ మూడొందలు నేనే తీసుకున్నా సార్, పురికొసకి" అంది. ఆమె మాట పూర్తి కాకముందే స్టీఫెన్, "కాదు సార్, నాకే ఇచ్చినాడు. బెల్టుతో పాటు గ్రీజుకి" అన్నాడు. వెనకనించి పుల్లయ్య, "నా ట్రాలీ టైరుకి" అన్నాడు. మూడొందలు తక్కువైన లెక్క రెండు నిమిషాల్లో ఆరొందలు ఎక్కువైంది. పవన్‌కు కూడా నవ్వొచ్చినట్టుంది.

నవ్వనిది చిన్నాయన ఒక్కడే. "మస్తానమ్మా, పురికొస మొన్న తెచ్చినావు. స్టీఫెనూ, నీకు నూట ఎనభై, అంతే. పుల్లయ్యా, నువ్వు పొద్దుటి నుంచి ఇప్పుడే ఈ షెడ్డులోకి వచ్చినావు. నా కోసరం మీరు అబద్ధం ఆడబాకండి" అన్నాడు. తర్వాత పవన్ వైపు తిరిగి, "మర్చిపోయినా సార్. నా జీతంలో పట్టుకోండి" అన్నాడు.

అబద్ధమాడిన ముగ్గురి చేతుల్లోనూ ఆ డబ్బు లేదు. తీసుకున్న నేను కాగితమూ పెన్నూ పట్టుకుని నిలబడే ఉన్నాను. సాయంత్రం నరేష్ మూడొందలు తెచ్చి ఇచ్చాడు, పర్సులోనే ఉండిపోయాయి. ఇప్పుడు ఇస్తే ఆయన నా కోసం చేసినదంతా వృథా అవుతుందని నాకు నేను చెప్పుకున్నాను. ఎంత తెలివైన మాట! పిరికితనానికి ఇంత మంచి ముసుగు నేనే కుట్టుకున్నాను.

ఆ నెలాఖరుకు చిన్నాయన పని మానేశాడు. ఎవరూ పొమ్మనలేదు. కొండలరావు గారు ఇంటికి వెళ్ళి బతిమాలినా రాలేదు. భార్య వెంకటసుబ్బులమ్మ పుట్టిల్లు గిద్దలూరు కావడంతో అక్కడికి మారిపోయారు. కరుణాకరానికి మతిమరుపు వచ్చిందట అని ఊళ్ళో అనుకున్నారు. నేను మాత్రం ప్రతి ఉగాదికీ ఎవరో ఒకరి చేత అరకిలో మైసూరుపాకు పంపేదాన్ని. ఎందుకో ఆయనకు తెలుసు, ఎందుకు పుచ్చుకుంటున్నాడో నాకు తెలుసు, మా ఇద్దరి మధ్యా ఒక మంచి రహస్యం ఉంది అనుకుంటూ పదకొండేళ్ళు గడిపాను. తలచుకుంటే ఇప్పుడు ఒళ్ళు మండుతుంది.

పోయిన మాఘమాసంలో మా చెల్లెలు రజిని పెళ్ళి కుదిరింది. చిల్లర సంచి ఎవరికివ్వాలన్న మాట వచ్చినప్పుడు నాకు ఆయన తప్ప ఇంకెవరూ తట్టలేదు. కంభం మీదుగా బస్సులో గిద్దలూరు పోయాను. రైలు స్టేషను వెనక రెండు గదుల ఇల్లు. ఆయన వరండాలో మంచం మీద కూర్చుని చింతపండు గింజలు తీస్తున్నాడు. జుట్టంతా తెల్లబడింది, అంతే. నన్ను చూడగానే నవ్వి, "ఏంది జ్యోతమ్మా, మోకాలి నొప్పి తగ్గిందా మీ అమ్మకి?" అన్నాడు. మా అమ్మ మోకాలి నొప్పి గురించి నేను ఆయనకు చెప్పి పన్నెండేళ్ళు దాటింది.

పెళ్ళి సంగతి చెప్పాను. సంచి పట్టుకోమని అడిగాను.

"నేను పట్టనమ్మా" అన్నాడు. "ఎవురు అడిగినా పట్టడంలేదు. నా బుర్ర మీద నాకు నమ్మకం పోయింది."

"అదేంది చిన్నాయనా, అమ్మ మోకాలు కూడా గుర్తుందే నీకు."

"అట్లాంటివి ఉంటాయి. ఆ మూడొందలు మాత్రం ఈ రోజుకీ గుర్తు రాలేదు. ఎంతమంది మొహాలు తలుచుకున్నానో. పొద్దున లేస్తానే ఆ షెడ్డులో ఒక్కొక్కరినే నిలబెట్టుకుంటా. ఎవురికి ఇచ్చినానో తెలవదు. ఒకసారి పోయింది, ఇంకోసారి పోదని ఏంది నమ్మకం? పరాయోళ్ళ పెళ్ళి డబ్బు కదా."

ఆయన ఇంకా దాస్తున్నాడేమో అని ఆయన మొహంలోకి చూశాను. దాపరికం ఏమీ లేదు. గోడ పట్టుకుని మంచం కోడు దగ్గర కింద కూర్చున్నాను.

"నేనే చిన్నాయనా" అన్నాను. "గ్యాస్ బండ వస్తే తీసుకున్నా. నువ్వు లారీ డ్రైవరుతో మాట్లాడతా ఇచ్చినావు. నా వైపు చూడలా."

ఆయన చేతిలో చింతపండు అలాగే ఉంది. "రాసినావా?" అన్నాడు.

"రాసినా. అడుగున, మూలకి."

"రాసినావు" అని తనలో తాను అనుకున్నట్టుగా అన్నాడు. చింతపండు పక్కన పెట్టి, "మరి ఆ రోజు నేను నిన్నే అడిగినా కదమ్మా" అన్నాడు.

"నువ్వు నన్ను కాపాడతాండావు అనుకున్నా."

"తెలిస్తే కదా కాపాడేది. తెలిసుంటే చెప్పేవాణ్ణి. జ్యోతమ్మకి మూడొందలు, నేనే ఇచ్చినా అని ఇద్దరి తప్పూ చెప్పేవాణ్ణి. లెక్కలో ఎట్ల దాస్తాను?"

నాకు ఏడుపొచ్చింది. ఏడ్చాను. క్షమించమని అడగడానికి కూడా సిగ్గనిపించింది. పర్సులోంచి మూడొందలు తీసి మంచం మీద పెట్టాను. వద్దంటాడనుకున్నాను. ఆయన చెయ్యి పంచెకు తుడుచుకుని, నోట్లు తీసుకుని ఒక్కొక్కటీ మడత విప్పి చూశాడు. "ఇవి నాకు రావాల్సినవే. నా జీతంలో పట్టుకున్నారు" అన్నాడు. కోపంగా అనలేదు. లోపలికి చూసి కొంచెం గట్టిగా, "మేయ్, ఆ మూడొందలు జ్యోతమ్మకి ఇచ్చినానంట. నాకేం కాలేదు" అన్నాడు.

వెంకటసుబ్బులమ్మ చిన్నమ్మ అప్పటికే గడపలో నిలబడి ఉంది. అంతా విన్నట్టుంది. నా వైపే చూస్తూ మాట్లాడింది. "పదకొండేండ్ల నుంచి ఈయన ఇంట్లో పది రూపాయలు చేత్తో పట్టలేదమ్మా. పాలోడికి నేనే ఇయ్యాల, బస్సు టికెట్టు నేనే తీయాల. తలకాయ డాక్టరు దగ్గరికి కర్నూలు రెండుసార్లు తీసకపోయినా. జబ్బేం లేదన్నాడు డాక్టరు. ఈయన నమ్మలా."

"పోనీలేమ్మే" అంటూ చిన్నాయన లేచి చొక్కా తొడుక్కున్నాడు. "పిల్ల బస్సులో వచ్చింది, టీ నీళ్ళన్నా పెట్టాలి కదా. పాలు తెస్తా." మూడొందలూ పై జేబులో పెట్టుకుని చెప్పులేసుకుని వీధిలోకి నడిచాడు.

చిన్నమ్మ వచ్చి ఆయన వదిలిన చోట కూర్చుని చింతపండు గింజలు తీయడం మొదలుపెట్టింది. నేనూ కొంచెం చింతపండు చేతిలోకి తీసుకున్నాను. ఆయన పాల పాకెట్టుతో తిరిగి వచ్చేదాకా ఆమె నాతో ఒక్క మాట మాట్లాడలేదు.